నెగెటివ్‌కి పాసు వచ్చింది

ఆ వీధిలో ఆయన్ని పేరు పెట్టి పిలిచేవాళ్ళు లేరు. చిన్నా పెద్దా అందరికీ ఆయన చెవులాయనే. ఇరవై ఆరేళ్ళుగా పాస్‌పోర్టు సైజు ఫోటోలు తీస్తూ, స్టూలు మీద కూర్చున్న ప్రతి మనిషికీ "రెండు చెవులూ కనబడాలండీ" అని చెప్పి చెప్పి ఆ పేరు తెచ్చుకున్నాడు. జుట్టు చెవుల మీద పడితే దువ్వెన అందించేవాడు. గడ్డం ఎత్తితే దించమనేవాడు. ఎవరికైనా నవ్వొస్తే ఆ నవ్వు పూర్తిగా అయిపోయేదాకా చేతులు కట్టుకుని ఆగేవాడు. స్టూడియో అద్దం తలుపు మీద ఎర్ర అక్షరాలతో ఒక మాట రాయించాడు: "ఇక్కడ తీసిన ఫోటో వెనక్కి రాదు." ఏ ఆఫీసూ ఏ బడీ తన ఫోటో పనికిరాదని తిప్పి పంపలేదన్నది ఆయనకి కొండంత గర్వం.

ఆ గర్వంలో నెగెటివ్‌కి కూడా వాటా ఉంది. నెగెటివ్ ఆయన కుక్క. దాని ముఖం ఎవరో స్కేలు పెట్టి గీత గీసినట్టు నిలువునా సగం నలుపు, సగం తెలుపు. ఆరేళ్ళ కిందట వానకి తడిసి స్టూడియో మెట్ల మీద ముడుచుకుపోయి ఉంటే, "వీడెవడ్రా, ఫిల్ము నెగెటివ్‌లా ఉన్నాడు" అంటూ లోపలికి తెచ్చాడు. దాని అసలు ఉపయోగం తర్వాత తెలిసింది. లైటు ఎక్కువైతే తెల్ల సగం వెనక తెరలో కలిసిపోయేది. తక్కువైతే నల్ల సగంలో కన్ను కనబడేది కాదు. రెండు కళ్ళూ సరిగ్గా పడ్డాయంటే, ఇక ఆ వెలుతురులో ఏ రంగు మనిషైనా ఉన్నది ఉన్నట్టు వస్తాడు. అందుకని పొద్దున్నే ఒకసారి, లైట్లు కదిపినప్పుడల్లా మరోసారి, దాన్ని స్టూలెక్కించి ఒక టెస్టు ఫోటో తీసేవాడు. అలవాటైన ప్రాణి కనక నెగెటివ్ కూడా స్టూలెక్కగానే వీపు నిటారుగా పెట్టి, నోరు మూసుకుని, సెలవు చీటీ చదువుతున్న పై అధికారిలా కెమెరా వంక చూసేది.

చెవులాయనకి ఒక్కతే కూతురు. ఆ వంశంలో కాలేజీ గుమ్మం తొక్కిన మొదటి మనిషి. డిగ్రీ చేతికి రాగానే చుట్టాలందరూ ఉద్యోగం ఎప్పుడని అడగడం మొదలుపెట్టారు. చెవులాయన తమ్ముడు ఒక గిడ్డంగి ఆఫీసులో పనిచేస్తాడు. అక్కడ ఒక కుర్చీ ఖాళీ అవుతోందని, అమ్మాయి కోసం మాట్లాడి పెట్టానని కబురు తెచ్చాడు. అమ్మాయి మాత్రం స్టూడియోలోనే ఉంటానంది.

"ఇంత చదివి స్టూళ్ళు జరుపుతావా?" అన్నాడు చెవులాయన.

"నువ్వు చదవకుండా జరిపావు, నేను చదివి జరుపుతాను. తప్పేముంది నాన్నా?"

"తప్పు లేదు తల్లీ. నలుగురూ నవ్వుతారు."

"నవ్వు అయిపోయేదాకా ఆగుదాం. నీకలవాటేగా."

చివరికి ఒక ఒప్పందానికి వచ్చారు. మూడు నెలలు అమ్మాయి కంప్యూటర్ దగ్గర కూర్చుని, జనం ఫారాలు నింపి ఫోటోలు జతచేసి ఆఫీసులకి పంపే పని చూస్తుంది. ఒక్క ఫోటో వెనక్కి వచ్చినా మారుమాట లేకుండా బాబాయి వెంట గిడ్డంగికి వెళ్తుంది.

"రాకపోతే?" అంది అమ్మాయి.

"రాకపోతే చూద్దాం."

బల్ల దగ్గర ఫోటోలు కత్తిరించి కవర్లలో పెడుతున్న అమ్మ తలెత్తకుండానే, "మీ నాన్న చూద్దాం అన్నారంటే ఒప్పుకున్నట్టే. రాసిపెట్టుకో" అంది.

అమ్మాయి ఒళ్ళు దాచుకోకుండా పనిచేసింది. తండ్రి ప్రతివాళ్ళకీ మూడు ఫోటోలు తీస్తాడు. మొదటిదానికి బిగుసుకుంటారు, రెండోదానికి కళ్ళు ఆర్పుతారు, మూడోదానికి కుదురుకుంటారు, కాబట్టి చివరిదే మంచిది అని ఆయన సిద్ధాంతం. ఆ సిద్ధాంతాన్ని చిన్నప్పటినుంచి విని విని పెరిగిన పిల్ల, కంప్యూటర్‌లో ఒక ఏర్పాటు చేసుకుంది. ఒక్కో మనిషి ఫోల్డరులోంచి చివరి ఫోటోని అదే తీసుకుంటుంది. ముఖం ఎక్కడుందో వెతికి అదే కత్తిరిస్తుంది. ఫారానికి అంటించి అదే పంపేస్తుంది. గంట పని పది నిమిషాలకి దిగింది. నాన్నకి చూపిస్తే, "బానే ఉంది" అన్నాడు. ఆయన నోట బానే ఉందంటే చాలా బాగుందని అర్థం. ఆ రాత్రి అమ్మాయికి కడుపు నిండినట్టయింది.

బడులు తెరిచే వారంలో ఒక రోజు స్టూడియో ముందు వరస వీధి మలుపు దాకా సాగింది. ఆ వరసని లెక్కచెయ్యకుండా చేతికర్రతో దారి చేసుకుంటూ టీచరమ్మ వచ్చింది. చెవులాయనకి అయిదో తరగతిలో పాఠాలు చెప్పిన మనిషి. పెద్దవాళ్ళకిచ్చే బస్సు పాసుకి ఫోటో కావాలి.

"ఏరా, బాగున్నావా? నీ గడ్డం కూడా తెల్లబడింది."

"మీ దయ వల్ల బాగున్నానండీ. గడ్డం కొంచెం దించండి."

"నీ గడ్డం గురించి మాట్లాడితే నా గడ్డం మీద పడతావేం? తియ్యి, తియ్యి. నాకు బస్సుంది."

మూడు ఫోటోలు తీశాడు. ఆవిడ వెళ్ళీ వెళ్ళగానే ఎడమ వైపు బల్బు టప్పున పేలింది. కంప్యూటర్ వైపు తిరిగి కూర్చున్న అమ్మాయికి ఆ చప్పుడు వినబడింది. వెనక నాన్న బల్బు మార్చడం, "నెగెటివ్, ఎక్కు" అనడం కూడా వినబడ్డాయి. ఆ రోజు నలభై ఒక్క ఫారాలు పంపింది. ఒక్కటి కూడా వెనక్కి రాలేదు.

పదిహేను రోజుల తర్వాత కాలేజీ స్నేహితురాలు ఫోన్‌కి ఒక బొమ్మ పంపింది. కింద, "ఈ ఆఫీసరుగారు మీ నెగెటివ్‌లా లేరూ?" అని రాసింది.

బొమ్మలో ఉన్నది బస్సు పాసు. పేరున్న చోట ఎవరిదో బొటనవేలు అడ్డం పెట్టి ఉంది. ఫోటో ఉండాల్సిన చోట సగం నలుపు, సగం తెలుపు ముఖం, మూసుకున్న నోరు, నిటారుగా మెడ. పక్కన ఆఫీసు ముద్ర: ఆమోదించడమైనది. ఎవరో కండక్టరమ్మాయి పెట్టింది. "మా బస్సులో ఒక పెద్దావిడ పాసు. నేను మాత్రం ఈయన్ని దింపలేను బాబూ, ఆ చూపు చూశారా" అని పైన రాసింది. సాయంత్రానికి దాన్ని లక్షమంది చూశారు. మర్నాటికి జనం పాసుని కత్తిరించి పారేసి ముఖం ఒక్కటే ఉంచుకున్నారు. దాని కింద ఎవరికి తోచింది వాళ్ళు రాశారు. "ఇంకో జిరాక్స్ కావాలి." "సంతకం ఇక్కడ కాదు, వెనక పేజీలో." "భోజనం తర్వాత రండి." "సారు సీట్లో లేరు అని చెప్పేది నేనే, ఆ సారు నేనే." పెళ్ళాం పుట్టినరోజు మర్చిపోయినవాడు క్షమాపణ చీటీ మీద ఆ ముఖం అంటించి, "మీ దరఖాస్తు పరిశీలనలో ఉంది" అని ఆవిడ తిప్పి రాసిన జవాబుతో సహా పెట్టాడు. రెండేళ్ళు తిరిగి తిరిగి ఇంటి కాగితం చేతికందిన ముసలాయన, ఏమీ రాయకుండా ఆ ముఖాన్నీ ఆ ముద్రనీ మాత్రమే పెడితే, ముక్కూ ముఖం తెలియని వేలమంది ఆయనకి అభినందనలు చెప్పారు. ఎవరూ వెక్కిరించడం లేదు. ఆఫీసుల చుట్టూ తిరిగి అరిగిపోయిన జనానికి, నచ్చిన ఆఫీసరు ఇన్నాళ్ళకి ఒకరు దొరికారు, అంతే.

అమ్మాయి మాత్రం పెద్దావిడ పాసు అన్న మాట దగ్గర ఆగింది. కంప్యూటర్‌లో టీచరమ్మ పేరున్న ఫోల్డరు తెరిచింది. మూడు ఫోటోల్లో టీచరమ్మ, నాలుగోదాంట్లో నెగెటివ్. చూడగానే అర్థమైంది. బల్బు మార్చాక నాన్న టెస్టు ఫోటో తీశాడు. కెమెరాలో తీసింది ఇంకా ఆవిడ పేరున్న ఫోల్డరులోకే పోతోంది. తన ఏర్పాటు చివరిది తీసుకుంది. అందులో ఒక ముఖం వెతికింది, దొరికింది. ఆఫీసు వాళ్ళ కంప్యూటర్ కూడా తెల్ల తెరా మూసిన నోరూ చూసుకుని ఔనంది. ఇంతమంది చేతుల మీదుగా వెళ్ళిన ఫోటోని, అసలు చూసినవాళ్ళే లేరు.

మూడు నెలల గడువుకి ఇంకా ఎనిమిది రోజులుంది. ఫోటో ఇంతవరకు వెనక్కి రాలేదు. నోరు మూసుకుంటే గడువు దాటిపోతుంది. అమ్మాయి రెండు రోజులు తేలు కుట్టిన దొంగలా తిరిగింది. మూడో రోజు పొద్దున్నే టీచరమ్మ ఇంటికి వెళ్ళింది. మేడ మీద ఒకే గది, కిటికీలో రెండు పూలకుండీలు, మంచం మీద సగం నింపిన గళ్ళనుడికట్టు.

"టీచరుగారూ, నా వల్ల పొరపాటు జరిగింది. మీ పాసు మీద..."

"కూర్చో. ముందు నీళ్ళు తాగు. ఎన్నాళ్ళకి వస్తావా అని చూస్తున్నా."

"మీకు తెలుసా?"

"కండక్టరు చూపించేదాకా తెలీదు. కళ్ళజోడు పెట్టుకుని పాసు చూసుకునేదెవరు? పది రోజులు దాన్ని చూపించి బస్సెక్కాను. ఒక్కడు తలెత్తి చూస్తే ఒట్టు. పాసూ చూళ్ళేదు, నన్నూ చూళ్ళేదు." టీచరమ్మ కర్ర మీద రెండు చేతులూ ఆనించింది. "నలభై ఏళ్ళు నేను గదిలోకొస్తే పిల్లలు లేచి నిలబడేవాళ్ళే. మానేశాక బస్సులో లేచినవాడు లేడు. ఇప్పుడు ఎక్కగానే, ఆఫీసరుగారి అమ్మగారొచ్చారు, లేవండర్రా అని కేకలు! నిన్న డ్రైవరు కూడా వెనక్కి తిరిగి నమస్కారం పెట్టాడు. ఇంత పరువు నాకు అయిదో తరగతి కూడా ఇవ్వలేదే."

అమ్మాయికి నవ్వూ ఏడుపూ ఒకేసారి వచ్చాయి. "కొత్త ఫోటో పంపిస్తానండీ" అంది.

"అక్కర్లేదనే అందును. కానీ ఇది వచ్చింది." టీచరమ్మ గళ్ళనుడికట్టు కిందనుంచి ఒక ఉత్తరం తీసింది. పాసుల ఆఫీసుది. మీ పాసుపై గల ఛాయాచిత్రము అంగీకారయోగ్యము కానందున ఏడు రోజులలోగా మార్చనిచో రద్దుచేయబడును.

అంటే ఫోటో వెనక్కి వచ్చింది. ఇరవై ఆరేళ్ళలో మొదటిసారి, అదీ తన చేతి మీదుగా. అమ్మాయి ఆ రెండు లైన్లూ నాలుగుసార్లు చదివింది.

"మీ నాన్నకి చెప్పావా?"

"ఇప్పుడు వెళ్ళి చెప్తానండీ."

"నువ్వే చెప్పు. నేను చెప్తే వాడికి గోడకుర్చీ గుర్తొస్తుంది."

దారి పొడుగునా మాటలు కూర్చుకుంటూ వచ్చిన అమ్మాయికి, స్టూడియోలో బాబాయి నవ్వు వీధిలోకే వినబడింది. లోపలికి వెళ్ళేసరికి ఆయన ఫోన్ అన్నగారి ముఖం ముందు పెట్టి, "చూడన్నయ్యా, మా గిడ్డంగిలో గోడకి కూడా అంటించారు. మా మేనేజరు అచ్చం ఇలాగే చూస్తాడు" అంటున్నాడు.

చెవులాయన నవ్వలేదు. కళ్ళజోడు నుదుటి మీదికి ఎత్తి, ఫోన్‌ని దగ్గరికి తెచ్చుకున్నాడు.

"ఈ లైటు నాది" అన్నాడు.

"లైటేమిటన్నయ్యా, కుక్కని చూడు."

"కుక్క సంగతి తర్వాత. ముక్కు పక్కన ఈ నీడ చూడు, ఎడమ లైటు గొడుగు రెండు వేళ్ళు వంచితే పడే నీడ. ఇంకెవరూ అలా వంచరు." అప్పుడు స్టూలు కింద నిద్రపోతున్న నెగెటివ్ వంక చూసి, మళ్ళీ ఫోన్ చూసి, "వీడు మనవాడే!" అన్నాడు.

అమ్మాయి అక్కడే నిలబడి మొత్తం చెప్పేసింది. తన ఏర్పాటు, పంపేముందు చూసుకోకపోవడం, పాసు, ఉత్తరం. బల్బు సంగతి మాత్రం చెప్పలేదు.

బాబాయి తన ఫోన్ వెనక్కి తీసుకున్నాడు. "సరే, జరిగిందేదో జరిగింది. కుర్చీ ఇంకా ఖాళీగానే ఉంది. సోమవారం నుంచి రమ్మను. మాటంటే మాటే కదా అన్నయ్యా?"

"మాటే" అన్నాడు చెవులాయన. అమ్మ ఫోటోలు కత్తిరించే బల్ల మీది బ్లేడు అందుకుని తలుపు దగ్గరికి వెళ్ళి, ఎర్ర అక్షరాలు గీకడం మొదలుపెట్టాడు. చివరి మాట మొదట పోయింది.

అమ్మ లేచి వచ్చి నడుం మీద చేతులు పెట్టుకుని చదివింది. "ఇక్కడ తీసిన ఫోటో వెనక్కి. ఇదేం బాగుందండీ? గీకితే అంతా గీకండి, లేకపోతే మానండి. సగంలో వదిలితే ఉన్న బేరం కూడా వెనక్కి పోతుంది."

ఆయన అంతా గీకాడు. అద్దం తుడిచాడు. చేతులు కడుక్కుని వచ్చి కంప్యూటర్ ముందు కూర్చుని, "ఆవిడ ఫోల్డరు ఎక్కడుంది?" అన్నాడు. అమ్మాయి తెరిచి ఇచ్చింది. ఆయన ఒక్కో ఫోటో కిందా ఉన్న టైమును వేలు పెట్టి చదివాడు. మూడు ఫోటోలూ ఒకే నిమిషంలో తీసినవి. నాలుగోదానికీ మూడోదానికీ మధ్య ఆరు నిమిషాలుంది.

"ఇది బల్బు పేలాక తీసింది."

ఆయన నాలుగో ఫోటో మీద వేలు ఆనించాడు.

"ఫోల్డరు మార్చకుండా తీశాను. నీకు తెలుసా?"

"తెలుసు నాన్నా."

"మరి చెప్పలేదే?"

"పంపేముందు చూడాల్సింది నేనేగా. బల్బు మీదికి తోసేస్తే బల్బొచ్చి కాదంటుందా?"

చెవులాయన కుర్చీలో వెనక్కి వాలి కూతురి వంక చూశాడు. కెమెరాలోంచి మనుషుల్ని చూసినంత నిదానంగా చూశాడు.

అమ్మ మళ్ళీ కత్తెర పట్టుకుంది. "తిలాపాపం తలా పిడికెడు. ఆయన ఫోల్డరు చూసుకోలేదు, ఇది ఫోటో చూసుకోలేదు, ఆ ఆఫీసు వాళ్ళు అసలేమీ చూసుకోలేదు. ఈ మొత్తంలో తన పని సరిగ్గా చేసింది ఆ కుక్కొక్కటే."

బాబాయి పగలబడి నవ్వాడు. చెవులాయన పెదవి బిగపట్టుకున్నాడు కానీ భుజాలు కదిలాయి. అంతలో మళ్ళీ గంభీరంగా, "టీచరుగారి ఫోటో ముందు సరిచెయ్యాలి. మిగతాది తర్వాత" అన్నాడు. మిగతాది అంటే ఏమిటో అడిగే ధైర్యం అమ్మాయికి లేకపోయింది. ఆ రాత్రి సర్టిఫికెట్లన్నీ ఒక కవర్లో సర్దిపెట్టుకుంది. గిడ్డంగి కూడా పనే కదా అని తనకి తను నచ్చజెప్పుకుంది.

మర్నాడు పొద్దున్న టీచరమ్మ వచ్చేసరికి గుమ్మంలో ఇద్దరు కాలేజీ పిల్లలు, ఒక పోస్టుమాన్ నిలబడి ఉన్నారు. ఆఫీసరుగారు ఇక్కడుంటారని వీధిలో ఎవరో చెప్పారట. నెగెటివ్ వాళ్ళని పట్టించుకోకుండా చెవి గోక్కుంటోంది.

"ఏరా, అద్దం బోడిగా ఉందేం?" అంది టీచరమ్మ వస్తూనే.

"నిజం కానిది ఎందుకండీ ఉంచడం."

"ఒక లెక్క తప్పితే పుస్తకం చింపేస్తారా? నీ అయిదో తరగతి పుస్తకంలో ఎన్ని తప్పులున్నాయో చెప్పనా, ఈ పిల్లల ముందు?"

"వద్దండీ. కూర్చోండి. ఒక్క నిమిషంలో తీసేస్తా."

"నువ్వు తియ్యొద్దు." టీచరమ్మ స్టూలు మీద కూర్చుని కర్రతో అమ్మాయిని చూపించింది. "అది తీస్తుంది. నువ్వు అప్పుడప్పుడూ తీసిన పాత ఫోటోలు మూడున్నాయి నా దగ్గర. మూడింట్లోనూ, తప్పిపోయిన మనిషి, ఆచూకీ తెలిపినవారికి బహుమతి అన్నట్టు ఉంటాను."

"టీచరుగారూ, అది పంపే పనే చూస్తుంది. ఇంతవరకు ఎవర్నీ..."

"నేనూ మొదటి రోజు పాఠం చెప్పేదాకా ఎవరికీ చెప్పలేదురా."

చెవులాయన కూతురి వంక చూశాడు. కెమెరా పట్టీ మెడలోంచి తీసి ఇచ్చాడు. తను వెళ్ళి ఎడమ గొడుగు సరిచేసి, పక్కకి తప్పుకున్నాడు.

అమ్మాయి కెమెరా కంటి దగ్గరికి తెచ్చుకుంది. అద్దంలోంచి చూస్తే టీచరమ్మ బిగుసుకుని, బస్సులో ఎవరూ చూడని మనిషిలా ఎటో చూస్తోంది. తండ్రి చెప్పే మాటలేవీ అమ్మాయి నోటికి రాలేదు. కెమెరా కొంచెం దించి, "టీచరుగారూ, నిన్న బస్సులో ఎవరు లేచారు?" అంది.

టీచరమ్మ నవ్వలేదు. కానీ ఎటో ఉన్న చూపు వెనక్కి వచ్చి, తన ఎదురుగా ఉన్న మనిషి మీద నిలిచింది. అమ్మాయి నొక్కింది. ఒక్కటే తీసింది.

"అయిపోయిందా?" అంది టీచరమ్మ.

"అయిపోయిందండీ."

"మూడు తియ్యవా?"

"ఇది చాలండీ."

చెవులాయన వచ్చి కెమెరా వెనక తెర మీద ఆ ఫోటో చూశాడు. తెల్ల జుట్టూ తెల్ల తెరా వేరువేరుగా పడ్డాయి. నోరు మూసే ఉంది. ఫారం కాదనడానికి ఏమీ లేదు. అయినా ఆ ముఖం ఇప్పుడే ఎవరినో పేరు పెట్టి పిలవబోతున్నట్టుంది. ఆయన చాలాసేపు బానే ఉందని కూడా అనలేదు.

"పాత పాసు ఇచ్చెయ్యండి, ఇక చెల్లదు" అన్నాడు చివరికి.

"చెల్లకపోతే నాకేం? చూపించుకోడానికి ఉంచుకుంటా" అని టీచరమ్మ సంచి చంకలో గట్టిగా పెట్టుకుంది.

అప్పుడే బాబాయి డ్యూటీకి పోతూ తలుపులోంచి తొంగి చూశాడు. "ఏమంటావన్నయ్యా? సోమవారం వస్తుందని చెప్పెయ్యనా?"

అమ్మ కత్తెర ఆగింది.

"మాట ప్రకారం పంపే పని దీనిచేత మాన్పించేశాను" అన్నాడు చెవులాయన. "ఇకమీదట ఇది ఫోటోలు తీస్తుంది. పంపేది నేను. తీసిన చెయ్యీ పంపే చెయ్యీ ఒకదాన్నొకటి నమ్ముకుని కూర్చోకూడదు, రెండో మనిషి కళ్ళారా చూడాలి. ఇది తీసినవి నేను చూస్తాను, నేను పంపేవి ఇది చూస్తుంది. గిడ్డంగి కుర్చీ ఇంకెవరికైనా ఇప్పించరా, పుణ్యముంటుంది."

"నీకు కంప్యూటర్ ఏం వచ్చన్నయ్యా!"

"డిగ్రీ చదివినావిడ ఇంట్లో ఉంది. నేర్పదా?"

బాబాయి రెండు చేతులూ ఎత్తేసి వెళ్ళిపోయాడు. చెవులాయన అప్పటికే కంప్యూటర్ ముందు కుర్చీ లాక్కుని, కళ్ళజోడు సరిచేసుకుని, రెండు చూపుడువేళ్ళూ ఎత్తి పట్టుకుని కూర్చున్నాడు. అమ్మాయి వెనక్కి వెళ్ళి నిలబడి, టీచరమ్మ ఫారం తెరిచి, కొత్త ఫోటో జతచేయించింది.

"ఇప్పుడేది నొక్కాలి?"

"ముందు చూడు నాన్నా."

"చూశాను."

"ఎవరున్నారు?"

"టీచరుగారు." ఆయన తెర మీదికి ఇంకా వంగాడు. అయిదో తరగతి గదిలో మొదటి వరసలో కూర్చున్నంత బుద్ధిగా చూశాడు. "అవును, ఆవిడే."

"అయితే పంపు."

ఆయన మీట వెతికి పట్టుకుని నొక్కాడు. గుమ్మంలో పోస్టుమాన్ తనకీ ఒక ఫోటో కావాలన్నాడు. అమ్మాయి స్టూలు దులిపి, "రండి, కూర్చోండి" అంది.